జిమిన్ ఇంటి నలుగురు అన్నదమ్ములు

మాచర్ల,
20 ఫిబ్రవరి 1944.

ప్రియమైన నాయనా,

నీ కూతురు కరుణ నమస్కరించి రాసేది. దాచేపల్లి నుంచి నువ్వు పంపిన జొన్నల మూట అందింది. బొగ్గుతో నడిచే బస్సు కదా, మూట పైకి నల్లబడింది గాని లోపల జొన్నలు తెల్లగానే ఉన్నాయి. గనిలో నాపరాయి జారి నీ బొటనవేలి మీద పడిందని బస్సువాడే చెప్పాడు. నువ్వు మాత్రం రాయలేదు. మన ఇంట్లో దాచేవాళ్ళకి కొదవా? నేనూ ఒక సంగతి దాచి పది రోజులైంది. ఎవరి నోటో నువ్వు వినే కంటే నేనే రాయడం మేలనిపించింది.

ఊరి బయట టూరింగు సినిమా డేరా వేశారు. యజమాని పేరు ఏడుకొండలు. మిషను ఆయనే తిప్పుతాడు, టిక్కెట్లు ఆయనే చింపుతాడు, డేరా చిరిగితే ఆయనే కుట్టుకుంటాడు. యుద్ధంలో రష్యా మన పక్షం కదా, గుంటూరులో ఒక సంఘం వాళ్ళు రష్యా బొమ్మలు తెప్పించి ఊరూరా ఆడిస్తున్నారు. నేను అద్దెకున్న ఇంటావిడ, మాణిక్యమ్మ పిన్ని, తోడు రమ్మని ప్రాణం తీస్తే వెళ్ళాను. బొమ్మంతా రష్యా మాటలు, అడుగున ఇంగ్లీషు అక్షరాలు. తెర పక్కన ప్రభాకరరావు గారని ఒక ప్లీడరు గుమాస్తా అచ్చు కాగితం పట్టుకుని తెలుగులో చదువుతున్నారు. "ఆ బాలుడు మిక్కిలి దుఃఖాక్రాంతుడై తన బాతును వెదకుచున్నాడు" అంటారు. తెర మీద ఆ పిల్లవాడు అప్పటికే బాతుని చంకన పెట్టుకుని నవ్వుతున్నాడు.

"ఇదేందే, ఏడుస్తన్నాడని ఈయన చెప్తాడు, వాడు చూస్తే ఇకిలిస్తన్నాడు" అని పిన్ని నన్ను మోచేత్తో పొడిచింది. నేను ఇంగ్లీషు చదువుకుని ఆమె చెవిలో చెప్పాను. అవతలి ఆమె కాస్త గట్టిగా చెప్పమంది. ఆ వెనకామె ఇంకాస్త గట్టిగా అంది. మిషను ఒక్కటే కాబట్టి ఒక రీలు అయ్యాక రెండోది ఎక్కించేదాకా డేరాలో చీకటి. ఆ చీకట్లో జరిగింది నాయనా. కథ తెగిపోకూడదని నేను అందుకున్నాను. మాటని లాగి, చివర విరిచి, మళ్ళీ ఎత్తుకుని, బాతు ఎటు పోయిందో పాడినట్టుగా చెప్పాను. ఆ ఎత్తుగడ నాకు ఎక్కడిదో నీకు చెప్పక్కర్లేదు. పరదాకి అవతల మగవాళ్ళ వైపు నుంచి ఒక గొంతు లేచింది: "ఒరేయ్, ఆ కాయితం బాబుని కూకోబెట్టండిరా. ఆ పరదా చాటు అమ్మని చెప్పమనండి." ప్రభాకరరావు గారు మంచివారు. ఆయనే వచ్చి కాగితం నా చేతిలో పెట్టారు. ఆ రోజు నుంచి డేరా ఎత్తేదాకా నేనే చెప్పాను.

కారెంపూడి తిరునాళ్ళలో నువ్వు భుజాన పంబ వాద్యం తగిలించుకుని, చేత కత్తి పట్టి పల్నాటి వీరుల కథ చెబుతుంటే జనం వాన కురిసినా కదిలేవాళ్ళు కాదు. నాకు బాగా గుర్తు. మనం బాప్తిస్మం తీసుకున్నాక ఇంట్లో కీర్తన తప్ప మరో రాగం లేదు. తొమ్మిదేళ్ళప్పుడు తిరగలి దగ్గర ఆ కథలో రెండు చరణాలు అందుకుంటే నోటి మీద కొట్టావు. నువ్వు నన్ను కొట్టింది ఆ ఒక్కసారే. ఇప్పుడు ఆ గొంతుతోనే రష్యా బాతు కథ చెప్పి వచ్చాను. నాకు భయంగా ఉంది, సంతోషంగానూ ఉంది. కోపం వస్తే తిట్టు, గాని జవాబు రాయి. వేలికి నూనె వెచ్చచేసి గుడ్డ కట్టుకో.

నీ కూతురు,
కరుణ.


మాచర్ల,
3 సెప్టెంబరు 1944.

ప్రియమైన నాయనా,

నీ ఉత్తరం మూడుసార్లు చదివాను. వేలు తగ్గిందని ఉంది, వానలు లేవని ఉంది, చర్చి గంటకి కొత్త తాడు వేశావని ఉంది. బొమ్మల ఊసు ఒక్క ముక్క లేదు. తిట్టినా బాగుండేది. నువ్వు మౌనం పడితే నాకు వాగుడు ఎక్కువవుతుందని తెలిసీ ఇలా చేస్తావు. అయితే విను.

ఏడుకొండలు గారు మళ్ళీ మళ్ళీ వస్తున్నారు. శని ఆదివారాల్లో మాచర్ల, గురజాల, రెంటచింతల మూడూ తిరిగాం. మాణిక్యమ్మ పిన్ని నా వెంటే ఉంటుంది, కాబట్టి మర్యాదకి లోటు లేదు. ఇప్పటికి నాలుగు బొమ్మలు చెప్పాను. పేర్లు ఎవరికీ నోరు తిరగవు. అందుకని బాతు బొమ్మ, పెళ్ళి బొమ్మ, మంచు బొమ్మ, పడవ బొమ్మ అని మేమే పెట్టుకున్నాం. బాతు బొమ్మ పిల్లలకి. పెళ్ళి బొమ్మ అంతా పాటలు, అల్లరి. మంచు బొమ్మ యుద్ధంలో నిజంగా తీసింది, వేషాలు కావు. పడవ బొమ్మలో ఒక ముసలి సరంగు శత్రువు గుళ్ళ మధ్య ఊరి జనాన్ని రేవు దాటిస్తాడు. రెంటచింతలలో మంచు చూసి ఒకాయన లేచి, "అంత పత్తి నేలపాలు చేస్తన్నారు, ఏరేటోళ్ళు లేరా?" అన్నాడు. ఆ ఊరి ఎండలో నిలబడి మంచు అంటే ఏమిటో చెప్పడం నా వల్ల కాలేదు.

ఈ నాలుగు బొమ్మల మొదట్లోనూ అసలు పేరు లేకుండా ఒక ఇంటిపేరు కనిపిస్తుంది, జిమిన్ అని. ఒక దాంట్లో ఆ పేరు పాటల దగ్గర, ఒక దాంట్లో కెమెరా దగ్గర, ఒక దాంట్లో బాతు కథ అల్లిన చోట, పడవ బొమ్మలో సరంగు వేషం పక్కన. నాకు వెంటనే అర్థమైంది. మన దగ్గర రాయి కొట్టే ఇంట్లో అన్నదమ్ములంతా రాయి దగ్గరే ఉంటారు. ఒకడు గని దిగుతాడు, ఒకడు పలకలు తీస్తాడు, ఒకడు నునుపు పెడతాడు. ఇదీ అంతే, సినిమా ఇల్లు. ఆట మొదలయ్యే ముందు నేను జనానికి ఆ ఇంటిని పరిచయం చేయడం మొదలుపెట్టాను. పెద్ద జిమిన్ ధైర్యవంతుడు, యుద్ధానికి వెళ్ళి మంచు బొమ్మ తీశాడు. రెండోవాడు సరసుడు, పెళ్ళి బొమ్మ వాడిది. మూడోవాడు పిల్లల మనిషి. చిన్నవాడు వేషగాడు.

నాయనా, పల్నాడంతా ఇప్పుడు ఆ నలుగురినీ మేనల్లుళ్ళలాగా చూసుకుంటోంది. గురజాలలో ఆడవాళ్ళు "రెండోవోడి బొమ్మ ఎప్పుడొస్తది?" అని అడుగుతారు. మాణిక్యమ్మ పిన్నికి చిన్నవాడి మీద బెంగ. "అన్నలందరికీ పేరొచ్చింది, వాడికి ముసలి వేషం ఇచ్చారు. పెళ్ళన్నా అయిందో లేదో!" అంటుంది. నేను అయిందని చెప్పేశాను.

ఇక కష్టం మాట. మా బడి మేనేజరు గారు పిలిపించి, "టీచరంటే టీచరే. ఒక మనిషికి దేవుడు ఒక పని ఇస్తాడు. రెండు పడవల మీద కాళ్ళు పెట్టకు" అన్నారు. నేను దణ్ణం పెట్టి వచ్చాను. నువ్వేమంటావో రాయి, ఈసారైనా.

నీ కూతురు,
కరుణ.


మాచర్ల,
12 మే 1945.

ప్రియమైన నాయనా,

ఈ ఉత్తరం కూర్చుని చదువు. ఎండలో నిలబడి చదివేది కాదు.

జర్మనీ ఓడిపోయింది. ఆ సంబరానికి వచ్చే శనివారం, పందొమ్మిదిన, నరసరావుపేట స్టేషను పక్క మైదానంలో పడవ బొమ్మ ఆడిస్తున్నారు. చుట్టుపక్కల ఊళ్ళన్నీ వస్తాయట. నన్నే చెప్పమన్నారు, పైగా నోటీసులో నా పేరు వేశారు. అది చూసి మేనేజరు గారు కబురు పెట్టారు. జూన్‌లో బడి తెరిచేలోపు తేల్చుకోవాలట, బడి బల్ల ముందో తెర ముందో. ఆ బల్ల దగ్గరికి నేను చేరాలని నువ్వు ఎన్ని రాళ్ళు మోశావో నాకు తెలుసు. అందుకని తెరే వదిలేద్దామనుకున్నాను. అంతవరకూ వచ్చాను కూడా. ఏడుకొండలు గారికి రానని చెప్పాలని డేరా దగ్గరికి వెళ్ళాను.

ఆయన రీళ్ళ పెట్టెలో బొంబాయి నుంచి వచ్చిన ఒక ఇంగ్లీషు పుస్తకం ఉంది. చిన్నది, పాతిక పేజీలు. అట్ట మీద ఒకాయన ఫొటో. ఎడమచేతికి రెండు వేళ్ళు లేవు. పడవ బొమ్మలో సరంగుకీ లేవు. వేషం కోసం మడిచాడని ఇన్నాళ్ళూ అనుకున్నాను. పుస్తకం విప్పితే మొదటి వాక్యంలోనే నా పరువు పోయింది. జిమిన్‌లు నలుగురు లేరు నాయనా. ఒక్కడే.

పేరు ప్యోతర్ జిమిన్. వోల్గా అనే ఏటి ఒడ్డున రొట్టెలు కాల్చే ఇంట్లో పుట్టాడు. పదమూడో ఏట సర్కసులో పల్టీలు కొట్టాడు. కాలు విరిగితే నాటకాల తెరలకి రంగులు వేశాడు. మూగ బొమ్మల కాలంలో దుర్మార్గుడి వేషాలు వేస్తూ, ఖాళీగా ఉన్నప్పుడు కెమెరా నేర్చుకున్నాడు. మాటల బొమ్మలు వచ్చాక, ఇక నీ కాలం అయిపోయిందన్నారట. అప్పుడు పెళ్ళి బొమ్మ తీశాడు, పాటలు కూడా తనే కట్టి. అది జనానికి నచ్చింది, ఇక నువ్వు నవ్వించేవి తప్ప ముట్టుకోవద్దన్నారు పెద్దలు. ఆయన వెళ్ళి పిల్లల బాతు బొమ్మ తీశాడు. మళ్ళీ ఒక నవ్వుల బొమ్మ తీస్తే, ఎవరో అధికారిని చూసి నవ్వినట్టుందని దాన్ని పెట్టెలో పెట్టి తాళం వేశారు. రెండేళ్ళు పని లేదు. యుద్ధం రాగానే కెమెరా భుజాన వేసుకుని ముందు వరసలోకి వెళ్ళాడు. వేళ్ళు అక్కడ పోయాయి. కెమెరా పట్టలేని చెయ్యి తెడ్డు పట్టగలదని పడవ బొమ్మ రాసుకుని, తనే తీసి, తనే సరంగయ్యాడు. నీకొక దారి అంటూ లేదేమని ఎవరో అడిగితే, "మా నాన్న ఒకే పొయ్యి మీద రొట్టే కాల్చేవాడు, చేపా కాల్చేవాడు. పొయ్యిని ఎవరూ ఈ ప్రశ్న అడగలేదు" అన్నాడట.

నేను డేరా గుంజకి ఆనుకుని కూర్చుండిపోయాను. ఒకడు ఇన్ని చేయగలడని నాకు తోచనే లేదు. అందుకని నలుగుర్ని పుట్టించాను. మేనేజరు గారి మీద కోపం తెచ్చుకున్నాను గాని, నేనూ ఆయన లెక్కలోనే ఉన్నాను. ఏడుకొండలు గారికి రానని చెప్పలేదు. వస్తానని చెప్పి ఇంటికి వచ్చాను.

కాబట్టి వెళ్తున్నాను నాయనా. ఇది నీ అనుమతి కోసం రాయడం లేదు. ముందు జనానికి నిజం చెప్పి, నలుగురన్నదమ్ముల తప్పు ఒప్పుకుని, తర్వాత కథ చెబుతాను. బడి నేనై వదలను, వాళ్ళు తీసేస్తే తీసేయనీ.

అయితే అంతమందికి తప్పు ఒప్పుకోబోయే ముందు నీకు ఒప్పుకోవలసింది ఒకటి ఉంది. పదహారేళ్ళుగా గొంతులో ఉండిపోయింది. బాప్తిస్మం అయిన నెలకి, ఆదివారం బడిలో పాఠం చెప్పే అమ్మగారు నన్ను పక్కకి పిలిచి, "మీ ఇంట్లో పాత మతం వస్తువులు ఇంకా ఉన్నాయా?" అని అడిగారు. ఆమె చేతిలో రంగుల పటం కార్డు ఉంది. గొర్రెపిల్లది. నాకు ఆ కార్డు కావాలి. గాదె వెనక జొన్నచొప్పలో పంబ ఉందని చెప్పాను. సాయంత్రం చర్చి పెద్దలు వచ్చి తీసుకెళ్ళారు. నువ్వు గుమ్మంలోంచి తప్పుకుని దారి ఇచ్చావు. ఎవరు చెప్పారని కూడా అడగలేదు. ఆ కార్డు ఆ రాత్రే పొయ్యిలో వేశాను. నీ గొంతు పోగొట్టింది నేనే. ఆ గొంతుతోనే నేను ఇప్పుడు చప్పట్లు కొట్టించుకుంటున్నాను. ఇంతకంటే ఎలా చెప్పాలో తెలియదు. నన్ను క్షమించగలిగితే క్షమించు.

నీ కూతురు,
కరుణ.


దాచేపల్లి,
24 మే 1945.

అమ్మా కరుణా,

నాయన రాసేది. నలభై దగ్గర పడ్డాక దిద్దిన అక్షరాలు, పెద్దయ్యి. కాయితాలు ఎక్కువ పట్టినయ్, ఇసుక్కోబాక.

శనివారం గనికి పోలా. నడికుడిలో రైలెక్కి నరసరావుపేట వచ్చా. నేల టిక్కెట్టు కొనుక్కుని ఆఖర్న కూకున్నా. ఎంత జనం అమ్మా! మన కారెంపూడి తిరునాళ్ళు దిగదుడుపే. నువ్వు ఇంతెత్తు బల్ల మీద నిలబడ్డావు. నీకు కనపడేది దీపం ఒకటే గదా, ఎనక ఏం జరిగిందో నీకు తెలవదు. అది నేను చెప్తా.

"నలుగురు లేరు, ఒక్కడే. నేను తప్పు చెప్పా" అని నువ్వు అన్నాక జనం ఒకళ్ళ మొగాలు ఒకళ్ళు చూసుకున్నారు. నా పక్కన రెంటచింతల మడిసి, "ఇన్నాళ్ళు మనల్ని ఎర్రోళ్ళని చేసింది రా" అన్నాడు. అప్పుడు ఆడోళ్ళ వైపు ఒక ముసలామె లేచి, "ఇయ్యన్నీ ఒక్కడే చేశాడా! ఏం మడిసమ్మా! వాడి తల్లి కడుపు చల్లగుండ!" అని అరిచింది. అంతే, ఇంక మైదానం ఆగలా. ఈలలేంది, చప్పట్లేంది. ఆ రెంటచింతలోడే తువ్వాలు గాల్లోకి ఎగరేశాడు. కుర్చీల్లో ఒకాయన కండువా మొగం మీదికి లాక్కోని కూకున్నాడు. ఆయన కూడా చేతులు కొట్టాడు. ఎవురా అని చూస్తే మీ మేనేజరు గారు. బాప్తిస్మాల పండక్కి మా చర్చికి వచ్చినప్పుడు చూశాలే, నాకు బాగా ఆనవాలు. జూన్‌లో ఆయన ఏమన్నా అంటే, ఏ వరసలో కూకున్నారో మా నాయన చూశాడని చెప్పు.

మూడో రీలుకి బొమ్మకి గొంతు పోయింది. మిషన్లో మాట పలికించే దీపమేందో మాడిపోయిందంట. బొమ్మ ఆడతంది, మాట రాదు. జనం గోల చెయ్యబోయారు. నువ్వు బెదరలా. కాయితం కింద పడేసి ఎత్తుకున్నావు. గుళ్ళు పడతన్నయ్, ముసలోడు తెడ్డు అందుకున్నాడు, "పడవ కదిలే" అని లాగి ఆపావు. ఆ ఆపిన కాడ ఒకళ్ళు వంత అందుకోవాల, మన పద్ధతి అది. ఎవురూ అందుకోలా. నీ గొంతు ఒక్కటే అంత మైదానంలో నిలబడిపోయింది. అది చూసి నా ప్రాణం ఆగలా. నాకు తెలవకుండానే నా నోరు తెరుచుకుంది. "కదిలే కదిలే, రేవు దాటి పడవ కదిలే" అన్నా. పదహారేళ్ళయింది అట్టా ఎత్తి. నువ్వు చటుక్కున నా వైపు తిరిగావు. ఈలోపు రెంటచింతలోడు అందుకున్నాడు, వాడి ఎనకాల వరస అందుకుంది, ఇంక మైదానమంతా వంతే. మాట లేని బొమ్మకి అంత జనం మాట ఇచ్చారు. నేను ఏడ్చా. ఏడుస్తానే వంత పాడా.

బొమ్మ అవగానే నిన్ను చూడకుండా రైలెక్కా. నీ ఉత్తరం నాకు ఆటకి ముందు మంగళవారమే అందింది. దానికి జవాబు నీ మొగం చూసి చెప్పలేను, అందుకని కాయితం మీద చెప్తన్నా.

ఆ అమ్మగోరిని నీ కాడికి పంపింది నేనే.

మన తాతల మాట ఒకటుంది. పంబ ఎత్తుకున్నోడు తన చేత్తో దించగూడదు, తన నోటితో ఇదిగో తీసుకోండి అనగూడదు. ఎవురన్నా వచ్చి తీసకపోవాల. నాకేమో దించాలనుంది. పెద్దలు అడిగితే చెప్పలేను, మాట అడ్డం. అందుకని అమ్మగోరితో, మా పిల్లని అడగండి, అది అబద్ధం ఆడదు అని చెప్పా. కార్డు సంగతి నాకు తెలవదు. చిన్నపిల్ల, చెప్తది, మర్చిపోద్ది అనుకున్నా. ఇన్నేళ్ళు నీ గొంతులో ముల్లై ఉంటదని అనుకోలా. క్షమించమని నువ్వు కాదు అడగాల్సింది, నేను. నాయన్ని క్షమించమ్మా.

ఎందుకు దించాలనిపించిందో కూడా విను. పదో ఏట ఎత్తుకున్నా. ఇరవై ఆరేళ్ళు ఒకటే కథ. మంచి కథే, కాదన్ను. కానీ నా లోపల ఇంకా చానా కథలు ఉండేయి. ఒకసారి గని కూలీల మీద నవ్వులాట కథ కడితే మా నాయన మూతి మీద కొట్టాడు, మన వంశానికి ఒకటే కథ అన్నాడు. అప్పుడు చర్చోళ్ళు బైబిలు చూపించారు. అందులో అరవై ఆరు పుస్తకాలు ఉన్నయ్యంట. యుద్ధాలు, పెళ్ళిళ్ళు, చేప కడుపులో మడిసి! ఇయ్యన్నీ చెప్పొచ్చు గదా అని ఆశపడ్డా. దేవుడి మీద నమ్మకం తరవాత కుదిరింది, నిజం చెప్తన్నా. చేరినాక, చెప్పే పని చదువుకున్నోళ్ళదని నాకు గంట తాడు ఇచ్చారు. నేను ఊరకుండిపోయా. నీ చదువన్నా అయితది గదా అని. తిరగలి కాడ నిన్ను కొట్టింది నీ మీద కోపంతో కాదు. నీ గొంతు ఇంటే నాకు మళ్ళీ ఎత్తుకోవాలనిపించింది, ఆ భయానికి.

ఆ రష్యా ఆయనకీ ఒక పనే చెయ్యమన్నారంట గదా. ఆయన ఊరుకోలా. నేను ఊరుకున్నా. నువ్వు ఊరుకోబాక. బడీ చెప్పు, బొమ్మా చెప్పు, ఇంకేదన్నా వస్తే అదీ చెప్పు.

నోటీసులో చూశా, జూన్ రెండో తారీకు శనివారం క్రోసూరంట గదా. ఏడుకొండలికి చెప్పు, వంతకి ఒక మడిసి వస్తన్నాడని. కూలి అక్కర్లా, బల్ల మీద నీ పక్కన కాస్త చోటిస్తే చాలు. యాభై రెండేళ్ళకి నాకు రెండో కథ దొరికింది. ముందు రోజు శుక్రవారమే మాచర్ల వస్తన్నా, కూకోబెట్టి మొదటి నుంచి చెప్పు. తెలవని కథకి వంత పాడితే పరువు పోద్ది.

నీ నాయన,
యేసుపాదం.